ఖలఫ్ లారీ కదిలిన రోజు

నా రాతలో తప్పులుంటే సర్దుకుని చదవండి. అక్షరాలు నా చేతికి చాలా ఆలస్యంగా వచ్చాయి. మా ఆయన పోయాక, మసీదు పక్క గదిలో ఆడవాళ్ళకు చదువు చెబుతున్నారంటే వెళ్ళి నేర్చుకున్నాను. ఒక కాగితం నిండేలోపు పప్పు ఉడికిపోతుంది, ఒక్కోసారి మాడిపోతుంది కూడా. తొందర పడకుండా చదివితే మీకూ నాకూ సుఖం.

తెల్లవారి నమాజు కాగానే ఖలఫ్ చెప్పులేసుకుని బయటికి వెళ్ళాడు. ఎక్కడికని భార్య ఫిద్దా అడగలేదు. మఆన్ ఊరి చివర హైవే పక్కన లారీలన్నీ ఒకదాని వెనక ఒకటి నిలబెట్టి ఉన్నాయి. వాటిలో తనది ఎక్కి, ఇంజను స్టార్టు చేసి, కాసేపు ఊరికే తిరగనిచ్చి, ఆపేసి వస్తాడు. డ్రైవర్లంతా లారీలు ఆపుకున్నప్పటి నుంచి రోజూ ఇదే వరస. బ్యాటరీ దిగిపోకూడదు కదా అంటాడు. ఆ చప్పుడు చెవిన పడితే తప్ప ఆయనకు టీ గొంతు దిగదని ఫిద్దాకు తెలుసు.

ఆమెకు మాత్రం ఏది దిగుతోంది కనక. పెళ్ళయి ఈ ఇంటికొచ్చిన నాటి నుంచీ హైవే చప్పుడే ఆమెకు జోలపాట. ఇప్పుడా రోడ్డు మూగబోయింది. రాత్రుళ్ళు ఉలిక్కిపడి లేస్తుంది. గ్యాస్ బండి పాట వీధిలో వినపడి చాలా రోజులైంది. పొయ్యి మీద ఏది పెట్టినా, సిలిండరులో ఇంకెంత మిగిలిందోనని ఒక చేత్తో ఊపి చూస్తుంది. దుకాణంలో చక్కెర ఉంటే పిండి లేదు, పిండి ఉంటే నూనె లేదు.

ఖలఫ్ తిరిగొచ్చి గోడకు ఆనుకుని కూర్చున్నాడు. కొడుకు నాయిఫ్ అప్పటికే రొట్టె తుంచుకుంటున్నాడు. తండ్రికి నడుం పట్టేసినప్పటి నుంచి లారీ తోలేది అతనే.

"ఎలా ఉంది నాన్నా నీ ఒంటె? మేత అడిగిందా?" అన్నాడు నాయిఫ్.

"అడగకేం చేస్తుంది. ఇంట్లో అందరికంటే ఎక్కువ తినేది అదేగా."

"నిలబెట్టి మేపడం కంటే తోలుకుంటేనే నయం కదా."

"తోలితే ఏమొచ్చిందిరా? చివరిసారి అకాబా రేవులో లోడెత్తి అమ్మాన్‌లో దింపొచ్చావు. ఏం తెచ్చావు?"

నాయిఫ్ నమలడం ఆపాడు. "ఏమీ తేలేదు."

"ఏమీ తేకపోవడం కూడా కాదు. మీ అమ్మ గాజు డబ్బాలో దాచుకున్న డబ్బు తీసి ఇంజను ఆయిలు మార్చాం. డీజిలు సగం తినేసింది. రేవులో వంతు కోసం పడుకున్న రోజులు, కాటా కూలి, ఇన్సూరెన్సు, బ్రేకు లైనింగులు, టైర్లు..." టైర్ల దగ్గర ఖలఫ్ గొంతు కాస్త తగ్గింది. "ఈ దేశం తినే గోధుమ గింజ ఓడలోంచి దిగి మన వీపు మీద వెళ్తుంది. మోసినవాడే ఎదురు డబ్బు పెట్టాలంటే ఎలా? కిరాయి పెరిగేదాకా నా చక్రం తిరగదు. అబూ జర్వాన్ ముందు అన్నాను ఆ మాట."

అబూ జర్వాన్ పేరు వస్తే ఆ ఇంట్లో ఎవరూ ఎదురు మాట్లాడరు. లారీ డ్రైవర్లందరిలోకీ పెద్ద ఆయన. పోయిన శీతాకాలంలో ఆయన కొడుకు జర్వాన్ అరిగిపోయిన టైర్లతో అకాబా దారిలో నఖబ్ కొండ దిగుడులో లోడుతో దిగుతుంటే ముందు టైరు పగిలింది, మనిషి దక్కలేదు. కొత్తవి కొనాలంటే కిరాయిలు చాలలేదు, ఇంకొక్క ట్రిప్పు వేసి కొంటానని వెళ్ళాడు. ఆ తరవాత డీజిలు ధర మళ్ళీ పెరిగింది. ఆ రోజే ఖలఫ్ అందరికంటే ముందు తన లారీని రోడ్డు పక్కకు తీశాడు. అతని వెనక మిగతావాళ్ళు.

గ్లాసులు కడుగుతుండగా వాకిట్లో చిన్న బండి ఆగింది. కూతురు జవాహిర్ దిగింది. షోబక్ కొండల్లో ఆమె భర్త ముత్లక్‌కు కోళ్ళ ఫారముంది. పుట్టింటికి ఎప్పుడొచ్చినా నిండు గుడ్ల అట్ట పట్టుకొస్తుంది. ఈసారి అట్ట ఖాళీగా ఉంది.

"ఇదేమిటే, ఖాళీ అట్ట తెచ్చావు?"

"చూపిద్దామని తెచ్చానమ్మా. కోళ్ళు గుడ్లు పెట్టడం మానేశాయి. ఉన్న దాణాలో గోధుమ పొట్టు కలిపి, సగం సగం వేస్తున్నాం. ఒకదాన్నొకటి పొడుచుకు తింటున్నాయి." ఆమె కళ్ళ కింద నలుపు చూసి ఫిద్దా నీళ్ళ గ్లాసు చేతికిచ్చింది. "మా ఊరి రైతులమంతా కలిసి ఒక లారీ దాణా కొన్నాం. అకాబా గోదాములో పడుంది. ఇంకో రెండు మూడు రోజులు ఆగితే దాణాతో పనుండదు, గొయ్యి తవ్వుకోవడమే."

"ముత్లక్ చిన్న బండి ఉందిగా. కాస్త కాస్త తెచ్చుకోకూడదూ?"

"బస్తాల్లో లేదమ్మా, రాశిగా పోసి ఉంది. పెద్ద లారీ వస్తేనే పోస్తారు, చిల్లరగా ఇవ్వరు. ముత్లక్ వెళ్ళి కాళ్ళావేళ్ళా పడి చూశాడు." తరవాత గొంతు తగ్గించింది. "నాన్న ఒక్క ట్రిప్పు వేస్తే చాలు."

నాయిఫ్ వెంటనే లేచాడు. "తాళాలిస్తే నేను ఇప్పుడే వెళ్తా. సాయంత్రానికి లోడెత్తుతా."

తాళాలు ఖలఫ్ కోటు జేబులో ఉన్నాయి. ఆయన అప్పటికే మేడ మీదికెళ్ళి హైవే వైపు చూస్తూ నిలబడ్డాడు. జవాహిర్ మెట్లవైపు అడుగు వేస్తే ఫిద్దా చెయ్యి పట్టి ఆపింది. తండ్రీ కూతుళ్ళు ఇద్దరిదీ ఒకటే మొండితనం. ఇప్పుడు ఎదురుపడితే అనకూడనివి అనుకుంటారు.

"నువ్వు ఇంటికెళ్ళు తల్లీ. నాన్నతో నేను మాట్లాడతాను. రేపు మధ్యాహ్నం నమాజు తరవాత ముత్లక్‌ని కాఫీకి రమ్మను."

ఆ మాట నోట్లోంచి జారాకే తనేమందో ఫిద్దాకు తెలిసింది. అల్లుణ్ణి ఒక పని మీద కాఫీకి రమ్మంటే, పని ముందే ఒప్పుదలయిందని అర్థం. వచ్చినవాడు కప్పు ముట్టుకోకుండా కింద పెడతాడు, ఇంటాయన సరే అంటాడు, అప్పుడు తాగుతాడు. అదంతా ముందే మాట్లాడుకుని, తరవాత మర్యాదకు చేసే పని. ఒప్పుదల లేకుండా కప్పు కింద పెడితే ఇంటాయన పీక మీద కత్తి పెట్టినట్టే. కానీ జవాహిర్ అప్పటికే ఏడుస్తూ నవ్వుతూ ఆమె చెంపలు ముద్దు పెట్టుకుంటోంది.

ఆ రోజంతా ఫిద్దా చెప్దామనే చూసింది. భోజనాల దగ్గర నోరు తెరిచింది. ఖలఫ్ పప్పులో ఉప్పెక్కువైందన్నాడు. నిజంగానే ఎక్కువైంది. సాయంత్రం ఆయన నడుముకు నూనె రాస్తూ, "అబూ నాయిఫ్," అని కొడుకు పేరుతోనే పిలిచి, "నీకొక మాట..." అంది. "కిరాయి గురించి అయితే వద్దు," అని ఆయన బోర్లా పడుకున్నాడు. పొద్దున్నే చెప్దామనుకుంది. పొద్దున్నే ఆయన ఇంజను చప్పుడు వినడానికి వెళ్ళి, మిగతా డ్రైవర్లతో లారీల పక్కన వేసుకున్న గుడారంలో కూర్చుండిపోయాడు. నమాజుకు గానీ రాలేదు. వచ్చాక చెప్పుకోవచ్చనుకుంది. ఆయన వెనకే ముత్లక్ వచ్చాడు. పక్కన వాళ్ళ ముసలి బాబాయి కూడా.

జవాహిర్ లోపలి గదిలోకి వచ్చి తల్లి పక్కన నిలబడింది. "చెప్పావుగా?" అంది చెవిలో. ఫిద్దా కాఫీ కూజా మూత సరిచేస్తూ ఉండిపోయింది.

నాయిఫ్ కూజా తీసుకెళ్ళి కప్పులో రెండు గుక్కలు పోసి బావకు ఇచ్చాడు. ముత్లక్ అందుకున్నాడు. మెల్లగా ఒంగి, ఖలఫ్ ఎదురుగా చాప మీద పెట్టాడు.

"మామా, నేనొక మాటడగడానికి వచ్చాను. మీరు సరేనన్నాక ఈ కాఫీ తాగుతాను."

తెర వెనక నుంచి ఫిద్దా చూస్తోంది.

"ఏంటిది అల్లుడూ? కబురైనా లేకుండా నా ఇంట్లో కప్పు కింద పెడతావా?"

ముత్లక్ తెల్లబోయాడు. బాబాయి వైపు చూశాడు, తెర వైపు చూశాడు. "కబురు... అత్తయ్య చెప్పారనే అనుకున్నాను మామా. రమ్మన్నదే ఆవిడ."

ఖలఫ్ తెర వైపు తిరిగాడు. "ఫిద్దా?"

తెర తీసుకుని బయటికి రావడం తప్ప ఆమెకు దారి లేకపోయింది. "నేనే రమ్మన్నాను. నీతో చెప్దామని నిన్నటి నుంచి తిరుగుతూనే ఉన్నాను. నా నాలుకే తిరగలేదు."

"అంటే నన్ను ఇలా కూర్చోబెట్టి అడిగిస్తే కాదనలేననుకున్నావు."

"అలా అనుకోలేదు. అసలేమీ అనుకోలేదు. పిల్ల ఏడుస్తోంది, అంతే."

ముసలి బాబాయి గొంతు సవరించుకున్నాడు. "అబూ నాయిఫ్, పొరపాటు జరిగింది, నిజమే. కానీ కప్పు కింద ఉంది. అడిగేది ఒక్క ట్రిప్పే. కోళ్ళ దాణా. కిరాయి నువ్వెంతంటే అంత."

"కిరాయి ఎంతంటే అంతా?" ఖలఫ్ నవ్వాడు. అది నవ్వులా లేదు. "కిరాయి కోసం రోడ్డు మీద కూర్చున్నవాడికి దొంగచాటుగా కిరాయి ఇస్తానంటున్నారు. రేపు ప్రతివాడికీ ఒక అల్లుడుంటాడు. ఒకడికి కోళ్ళు, ఒకడికి టమాటాలు, ఒకడికి సిమెంటు. నేను ముందు నిలబెట్టినవాణ్ణి. నా చక్రం తిరిగితే ఆ వరసంతా తిరుగుతుంది. అబూ జర్వాన్ మొహం ఎలా చూడను?"

"అబూ జర్వాన్ మొహం చూస్తావు, నా మొహం మాత్రం చూడవు." జవాహిర్ తెర దాటి వచ్చేసింది. ముత్లక్ వద్దన్నట్టు చెయ్యి ఊపాడు, ఆమె ఆగలేదు. "చిన్నప్పటి నుంచీ అంతే కదా నాన్నా. నా స్కూలు పుస్తకాలకు డబ్బడిగితే ముందు క్లచ్ ప్లేటు అన్నావు. నా పెళ్ళి తేదీ లారీ వంతు చూసుకుని పెట్టావు. ఈ ఇంట్లో లారీ తరవాతే మేం. ఇవాళ లారీ ఊరికే నిలబడి ఉంటే కూడా లారీయే ముందు."

నాయిఫ్ చేతిలో కూజా ఒరిగిపోయి కాఫీ చాప మీద ఒలికింది. ఎవరూ తుడవలేదు.

ఖలఫ్ కూతురి మొహం వంక చూశాడు. లేచి కోటు భుజాన వేసుకుని చెప్పులు తొడుక్కుని బయటికి నడిచాడు. ఇంట్లో అతిథి ఉండగా, తాగని కప్పు చాప మీద ఉండగా, ఇంటాయన లేచి వెళ్ళిపోయాడు. అలాంటిది ఫిద్దా తన బతుకులో చూడలేదు, ఎవరింట్లోనో జరిగిందని వినను కూడా లేదు. ముసలి బాబాయి తల దించుకుని జపమాల తిప్పుతున్నాడు. ముత్లక్ కళ్ళలో నీళ్ళు.

ఫిద్దా కూర్చోలేదు. కూర్చుంటే ఏడుపొస్తుంది. లోపలికెళ్తే ఈ మధ్యాహ్నం ఎప్పటికీ అయిపోదు. ఆమె ఒంగి ఆ కప్పు చేతిలోకి తీసుకుంది.

"అమ్మా, దాన్ని ముట్టుకోకూడదు," అంది జవాహిర్.

"తెలుసు. ఇక్కడ దీన్ని తాగించేవాళ్ళు లేరు. ఉన్నచోటికి తీసుకెళ్తాను."

తల మీద నల్ల గుడ్డ సర్దుకుని, కప్పు ఒలక్కుండా రెండు చేతుల మధ్య పట్టుకుని ఆమె వీధిలోకి నడిచింది. జవాహిర్ వెనక పడింది. ముత్లక్, నాయిఫ్, కర్ర పొడుచుకుంటూ బాబాయి వాళ్ళ వెనక.

లారీల వరసలోకి ఆడవాళ్ళు రారు. నీడ కోసం ట్రెయిలర్ల కింద పడుకున్నవాళ్ళు లేచి కూర్చున్నారు. ఒకచోట లారీ పక్క పెట్టెలో ఉండే చిన్న పొయ్యి మీద టమాటాలు వేగుతున్నాయి. గరిటె పట్టుకున్నవాడు వేయించడం ఆపేశాడు.

"ఇంతమందిమి ఉంటే ఒక్క కప్పే తెచ్చావా పిన్నీ?" అన్నాడొక కుర్ర డ్రైవరు.

"ఇది తాగేది కాదు నాయనా, అడిగేది," అంది ఫిద్దా. అతను పక్కకు జరిగి దారిచ్చాడు.

గుడారంలో ఖలఫ్ ఒక మూల కూర్చుని ఉన్నాడు. భార్యను చూసి సగం లేచాడు. "ఫిద్దా, ఇంటికెళ్ళు."

ఆమె ఆయన వైపు చూడలేదు. మధ్యలో దిండుకు ఆనుకుని కూర్చున్న అబూ జర్వాన్ ముందుకెళ్ళి, మోకాళ్ళ మీద కూర్చుని, కప్పు ఇసకలో పెట్టింది. కాఫీ అప్పటికే చల్లారిపోయింది.

"అన్నా, నేను అడగకూడని మాట, నువ్వు వినకూడని మాట. అయినా అడుగుతాను. ఈ లారీలు నీ కొడుకు కోసం ఆగాయి. ఆ సంగతి నాకు తెలుసు, జర్వాన్‌ని నేనూ ఎత్తుకు ఆడించాను. నా కూతురి ఇంట్లో నోరులేని జీవాలు ఆకలితో ఒకదాన్నొకటి పీక్కు తింటున్నాయి. వీళ్ళు కట్టుకున్న బతుకంతా ఆ షెడ్డులోనే ఉంది. ఒక్క లారీ అకాబా వెళ్ళి రావాలి. ఇది నా ఇంట్లో కింద పెట్టిన కప్పు. తప్పు నాదే, కబురు చెప్పకుండా అల్లుణ్ణి పిలిచాను. మా ఆయన్ని ఇరకాటంలో పెట్టాను. ఆయన నీ మొహం చూసి లేవలేకపోతున్నాడు. అందుకని నీ ముందు పెడుతున్నాను."

అబూ జర్వాన్ కప్పు వంక చూశాడు. ఆయన కాదంటే ఫిద్దాకు ఇక ఎవరి దగ్గరికీ వెళ్ళడానికి ఉండదు. కూతురు మళ్ళీ ఇంటి గడప తొక్కదు.

"ఖలఫ్ నా మొహం చూసి లేవలేకపోతున్నాడని ఎవరన్నారు నీకు?" అన్నాడు ఆయన.

"ఆయనే అన్నాడు."

"అదొక్కటే చెప్పాడన్నమాట." అబూ జర్వాన్ మెల్లగా లేచాడు. "రా చెల్లెమ్మా."

"ఎందుకన్నా అదంతా?" అని ఖలఫ్ అడ్డం వచ్చాడు. ముసలాయన అతన్ని భుజంతో పక్కకు నెట్టి గుడారం బయటికి నడిచాడు. ఖలఫ్ లారీ ముందు ఆగి, ముందు టైరు మీద అరచేత్తో కొట్టాడు.

"చెయ్యి పెట్టి చూడు."

ఫిద్దా చెయ్యి పెట్టింది. గాడి అన్నదే తగల్లేదు. తను రోజూ రొట్టెలు కాల్చే పెనంలా నున్నగా ఉంది. ఒక పక్కన రబ్బరు పొరలోంచి దారాలు బయటికొచ్చాయి.

"రెండో వైపూ ఇంతే. లారీలన్నీ తిరిగినా ఇతని లారీ తిరగదు. తిరిగితే తోలేది నీ కొడుకు. నఖబ్ దిగుడులో దీన్ని తోలమని ఏ తండ్రి తాళాలిస్తాడు?"

నాయిఫ్ కిందికి చూస్తున్నాడు. "నాకు తెలుసమ్మా. శీతాకాలం కాగానే కొంటానన్నాడు నాన్న. తరవాత అడిగితే ఈసారి చూద్దామన్నాడు."

"టైర్లకని తీసిపెట్టిన డబ్బుండాలిగా," అంది ఫిద్దా భర్త వైపు తిరిగి. "నాకు తెలుసు, ఉంది. ఏమైంది?"

ముత్లక్ ఒక్కసారిగా లారీ బంపరు పట్టుకుని ఆనుకున్నాడు. "మంచుకు మా షెడ్డు కప్పు కూలినప్పుడు... మామా, మీ దగ్గర వాడకుండా పడున్న డబ్బన్నారు. నిదానంగా ఇవ్వమన్నారు."

"ఊరుకో అల్లుడూ."

"అది టైర్ల డబ్బా మామా?"

"ఊరుకోమన్నానా. కోళ్ళ మీద ఆకాశం పడితే కప్పు వెయ్యక ఏం చేస్తారు? ఇంకొన్ని ట్రిప్పులు వేస్తే టైర్లొస్తాయనుకున్నాను. ట్రిప్పులు వేస్తే అప్పులొచ్చాయి."

జవాహిర్ ఎక్కడ నిలబడిందో అక్కడే రోడ్డు పక్క మట్టిలో కూలబడిపోయింది. ఇందాక ఇంట్లో తనన్న మాటలు తనకే వినిపిస్తున్నట్టు రెండు చేతులతో చెవులు మూసుకుంది. ఖలఫ్ ఆమె దగ్గరికి రాలేదు. ఆ మనిషికి అలాంటివి చేతకావు. కోటు జేబులోంచి తాళాలు తీసి చేతిలో అటూ ఇటూ తిప్పుతూ నిలబడ్డాడు.

అబూ జర్వాన్ గుంపు వైపు తిరిగాడు. అప్పటికి వరసలోని డ్రైవర్లంతా చేరారు.

"కిరాయికి చక్రం తిరగదని మనమంతా అన్నాం. అవునా?"

"అవును."

"ఫజాకి తిరగదని ఎవరన్నారు?"

ఎవరూ అనలేదు. ఎలా అంటారు. ఆపదలో ఉన్నవాడి కేక చెవిన పడితే పైసా అడక్కుండా పరిగెత్తడమే ఫజా. తాతల నాటి నుంచీ ఒంటెల మీద వెళ్ళేవాళ్ళు, ఇప్పుడు లారీ మీద వెళ్తారు.

"కిరాయి లేదు. ఒక్క దీనారు కూడా చేతులు మారదు," అన్నాడాయన ముత్లక్ బాబాయి వంక చూసి. "మారిందని విన్నానంటే మళ్ళీ తీసుకొచ్చి ఇక్కడే పారబోయిస్తాను దాణా." ముసలి బాబాయి గుండె మీద చెయ్యి పెట్టుకుని తల ఊపాడు. "ఇక టైర్లు. నా లారీకి ముందువి కొత్తవి. జర్వాన్ పోయాక వేయించాను, ఇంజను మాత్రం లేవదు. తోలేవాడే లేడు, ఎందుకు వేయించానో నాకే తెలియదు." అంతలోనే కోపంగా అరిచాడు. "జాకీ తెండిరా, నిలబడి చూస్తారేం. నా మొహమేమైనా సినిమానా?"

అప్పటి దాకా నిద్రపోతున్నట్టున్న వరసంతా ఒక్కసారి లేచింది. జాకీలు, రాడ్లు, బోల్టుల చప్పుడు. ఒకరు నిలబెట్టిన తమ లారీ ట్యాంకులోంచి పైపుతో నోట లాగి డబ్బాలోకి డీజిలు దింపుతుంటే, మిగతావాళ్ళూ డబ్బాలు పట్టుకొచ్చారు. ఒకడు మరీ గట్టిగా లాగి మింగేశాడు. "ఊరికే వస్తే ఇంజను కూడా ఇంత ఆత్రంగా తాగదురా," అని పక్కవాళ్ళు ఏడిపించారు. అందరి ట్యాంకుల్లోనూ అడుగునే ఉంది. అయినా ఎవరూ ఖాళీ డబ్బా తేలేదు.

ఖలఫ్ నాయిఫ్ చేతిలో తాళాలు పెట్టి, తను రెండో వైపు నుంచి కేబినులోకి ఎక్కాడు.

"నీ నడుమో?" అంది ఫిద్దా కింద నుంచి.

"పడుకునే వస్తాను. దిగుడులో మాత్రం వాడి పక్కన నేనుండాలి."

లారీ రోడ్డెక్కింది. దాని చప్పుడు దక్షిణం వైపు సన్నబడి వినపడకుండా పోయేదాకా ఎవరూ కదల్లేదు. తరవాత అబూ జర్వాన్ గుడారంలోకి వెళ్ళి, ఇసకలో ఉన్న కప్పు తీసి చల్లారిన కాఫీ పారబోశాడు. "వేడిది పోయండి," అన్నాడు. ముత్లక్ ఆ కప్పు అందుకుని తాగాడు.

ఆ రాత్రి ఇంట్లో తల్లీ కూతుళ్ళు పడుకున్నారు గానీ నిద్రపోలేదు. జవాహిర్ అటు తిరిగితే ఫిద్దా ఇటు తిరిగింది. ఫోను మోగితే ఇద్దరూ ఒకేసారి చెయ్యి పెట్టారు. నాయిఫ్. లోడెత్తామన్నాడు. కొండ ఎక్కేశామని మళ్ళీ చేశాడు. దిగుడూ ఎక్కుడూ అయిపోయాయి కదా, ఇంకా భయమేమిటని జవాహిర్ అంది. ఫిద్దా అవునంటూనే లేచి చెప్పులేసుకుని వాకిట్లో పచార్లు మొదలెట్టింది.

షోబక్‌లో దాణా దింపి లారీ మఆన్ వచ్చేసరికి మర్నాడు సాయంత్రమైంది. కొన్ని కోళ్ళు పోయాయి. ఎక్కువే పోయాయి. షెడ్డు మాత్రం మిగిలింది. ఖలఫ్ ఇంటికి రాకుండా నేరుగా వరసలోకి తీసుకెళ్ళాడు. మళ్ళీ జాకీలు పెట్టి అబూ జర్వాన్ టైర్లు ఆయన లారీకే బిగించి, పాత నున్నటివి తన లారీకి వేసి, వెనకటి చోటే నిలబెట్టాడు. కిరాయి పెరగలేదు. పెరుగుతుందన్న కబురూ లేదు.

జవాహిర్ అక్కడికే వెళ్ళింది. తండ్రి మట్టి చేతులు గుడ్డతో తుడుచుకుంటున్నాడు. ఆమె ఏమీ అనలేదు. లారీ ముందు ఒంగి, నిన్న తల్లి చెయ్యి పెట్టిన చోటే తన అరచెయ్యి పెట్టింది. మెల్లగా రాసింది, దారాలు తేలిన చోట వేళ్ళు ఆపింది. పసిపిల్ల ఒళ్ళు తడిమినట్టు చాలాసేపు అక్కడే ఉంచింది. తరవాత లేచి, మునివేళ్ళ మీద నిలబడి తండ్రి నుదుట ముద్దు పెట్టుకుంది.

"మట్టిగా ఉన్నానే," అన్నాడు ఖలఫ్.

"ఉండనీ నాన్నా."

"కోళ్ళు మళ్ళీ పెడతాయి. మొదటి అట్ట అబూ జర్వాన్‌కి ఇచ్చి రా. మన ఇంటికి రెండోది." ఆయన కళ్ళు గుడ్డతో తుడుచుకున్నాడు. గుడ్డకున్న గ్రీజు మొహమంతా అయింది.

మర్నాడు తెల్లవారి నమాజు కాగానే ఖలఫ్ చెప్పులేసుకున్నాడు. ఫిద్దా ఫ్లాస్కులో టీ పోసుకుని తనూ బయల్దేరింది. ఆయన ఎందుకని అడగలేదు. లారీ ఎక్కడానికి ఆమెకు చెయ్యి అందించాడు. ఇంజను మొదట మొరాయించింది, తరవాత అందుకుంది. కేబినంతా సన్నగా వణుకుతుంటే, గ్లాసులో టీ కూడా వణుకుతుంటే, ఇద్దరూ ఎదురుగా ఉన్న ఖాళీ రోడ్డు చూస్తూ తాగారు. డీజిలు దండగవుతోందని ఫిద్దా ఆ రోజు అనలేదు.

తుర్ఫా, అరవై ఎనిమిదేళ్ళు. ఇప్పుడు అకాబాలో, రేవుకు వెళ్ళే రోడ్డు పక్కన, చిన్న కొడుకు ఇంట్లో ఉంటున్నాను.